ఇంట్లో చైనీస్ చికెన్: ఆ వాట్సాప్ మెసేజ్‌కి మాటకు మాట జవాబు

ఈమధ్య హైదరాబాద్ అపార్ట్‌మెంట్ల వాట్సాప్ గ్రూపుల్లో ఒక మెసేజ్ తెగ తిరుగుతోంది. సాస్ సీసాలు, ప్యాకెట్ సరుకులతో ఇంట్లో చైనీస్ చికెన్ చేసుకోవడం దండగ అని దాని సారాంశం. సాస్‌లన్నీ విషమట, అజినోమోటో అయితే మరీనట. మన గ్యాస్ పొయ్యి మీద ఎంత తన్నుకున్నా ఆ రుచి రాదట. ఫ్రోజెన్ చికెన్‌లో సారం ఉండదట. అసలు అది చైనీస్ వంటే కాదట. అంతకన్నా హోటల్ నుంచి తెప్పించుకోవడం నయమట. కొసరుగా చివర ఒక లైను: "ఇది ఓపిక లేని ఆడవాళ్ల వంట."

మా పక్క ఫ్లాట్ అమ్మాయి గచ్చిబౌలిలో ఉద్యోగం చేస్తుంది. రాత్రి ఎనిమిది దాటితే గానీ ఇల్లు చేరదు. ఆ మెసేజ్ చదివి సోయా సాస్, చిల్లీ సాస్ సీసాలు చెరో చేత్తో పట్టుకొచ్చి, "అక్కా, ఇవి పారబోసెయ్యనా?" అని అడిగింది. వద్దని చెప్పి పంపాను. ఎందుకు వద్దో మిగతావాళ్లకి కూడా చెప్పాలనిపించింది.

అందరికీ ఎక్కువ భయం అజినోమోటో మీదే కాబట్టి దానితోనే మొదలుపెడతాను. 1908లో టోక్యోలో కికునే ఇకెడా అనే రసాయన శాస్త్రవేత్త, కొంబు అనే సముద్రపు నాచు వేసి కాచిన చారుకి అంత రుచి ఎక్కడిదని వెతికి, అందులో ఆ రుచినిచ్చే గ్లుటామేట్ అనే పదార్థాన్ని పట్టుకున్నాడు. మరుసటి ఏడాదే అది అజినోమోటో పేరుతో అమ్మకానికి వచ్చింది. ఇదే గ్లుటామేట్ పండిన టమాటాలో ఉంది, తల్లిపాలలోనూ ఉంది. ఏది టమాటాలోంచి వచ్చిందో, ఏది పొట్లంలోంచి వచ్చిందో ఒంటికి తేడా తెలియదు.

భయం మొదలైంది 1968లో. చైనీస్ హోటల్‌లో తిన్నాక మెడ వెనక తిమ్మిరి, నీరసం, గుండెదడ వస్తున్నాయని రాబర్ట్ హో మాన్ క్వోక్ అనే డాక్టర్ అమెరికాలో ఒక వైద్య పత్రికకు ఉత్తరం రాశాడు. కారణం సోయా సాసా, వంటలో పోసే వైనా, అజినోమోటోనా, ఎక్కువైన ఉప్పా అని ఆయన అనుమానాలు రాశాడే తప్ప ఏదీ తేల్చలేదు. లోకం మాత్రం ఒక్కదాన్నే పట్టుకుంది. తర్వాత 1987లో ఐక్యరాజ్య సమితి ఆహార, ఆరోగ్య సంస్థల ఉమ్మడి నిపుణుల కమిటీ దీనికి రోజువారీ పరిమితి అంటూ అంకె పెట్టాల్సిన పని లేదంది. 2017లో యూరప్ ఆహార భద్రతా సంస్థ ఇంకాస్త జాగ్రత్తపడి ఒక అంకె పెట్టింది: రోజుకి, మనిషి బరువు కిలో ఒక్కింటికి 30 మిల్లీగ్రాములు. అంటే 60 కిలోల మనిషికి 1.8 గ్రాములు. నలుగురు తినే చిల్లీ చికెన్‌లో పావు టీస్పూను వేస్తే అది సుమారు ఒక గ్రాము, తలా పావు గ్రాము పడుతుంది.

అది తింటే తలనొప్పి వస్తుందనే వాళ్లు నాకూ తెలుసు. వాళ్ల మాట కొట్టిపారేయను, పడనివాళ్లు మానేయాల్సిందే. ఏడాది నిండని పిల్లల ఆహారంలో వేయకూడదన్న నిబంధన మన దేశంలో ఉంది, అదీ పాటించాలి. కానీ పడకపోవడం వేరు, విషం వేరు. పైగా ఇంట్లో అది వేయకపోయినా చికెన్ బాగానే కుదురుతుంది. సోయా సాస్‌లో, టమాటా కెచప్‌లో గ్లుటామేట్ ఎలాగూ ఉంది.

సాస్ సీసాల గురించి నిజంగా భయపెట్టాల్సిన విషయం ఒకటుంది. మెసేజ్‌లో దాని ఊసే లేదు. అదే ఉప్పు. మామూలు సోయా సాస్ ఒక టేబుల్ స్పూనులో సుమారు 900 మిల్లీగ్రాముల సోడియం ఉంటుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ పెద్దవాళ్లకి రోజు మొత్తానికి చెప్పేదే 2000 మిల్లీగ్రాముల లోపు. దానికి చిల్లీ సాస్, కెచప్ కలిసి, అలవాటు కొద్దీ మళ్లీ ఒక చెంచా ఉప్పు పడితే, బీపీ మాత్రలు వేసుకునే పెద్దవాళ్లున్న ఇంట్లో అది చిన్న విషయం కాదు. నేనైతే ముక్కలు నానబెట్టేటప్పుడు ఉప్పు వేయను. సాస్‌లన్నీ కలిపి రుచి చూశాకే, తక్కువైందనిపిస్తే చిటికెడు. అన్నట్టు, అజినోమోటోలో సోడియం సుమారు 12 శాతం, మన ఉప్పులో 39 శాతం. ఉప్పు తగ్గించి ఆ లోటు కాస్త దీనితో పూడ్చుకుంటే మొత్తం మీద సోడియం తగ్గుతుంది. విషం అన్నదాని సంగతి ఇది.

ఇక "మన పొయ్యి మీద ఆ రుచి రాదు" అన్న మాట. ఇందులో సగం నిజం ఉంది. హోటల్లో చైనీస్ వంటకి వాడే బర్నర్ మంట మన ఇంటి పెద్ద బర్నర్‌కి దాదాపు పది రెట్లు ఉంటుంది. ఆ వేడికి కడాయి అంచున నూనె తుంపరలు భగ్గుమని అంటుకుని, ఆ పొగ వాసన ముక్కకి పడుతుంది. అది ఇంట్లో పూర్తిగా రాదు, ఒప్పుకుంటాను. కానీ ఇంట్లో చాలాసార్లు చెడేది మంట చాలక కాదు, అరకిలో ముక్కలూ ఒకేసారి కుమ్మరించడం వల్ల. కడాయి చల్లబడుతుంది, చికెన్ నీళ్లు వదులుతుంది, వేగాల్సింది ఉడుకుతుంది.

దిల్‌సుఖ్‌నగర్‌లోనో అమీర్‌పేటలోనో ఫాస్ట్ ఫుడ్ బండి దగ్గర పది నిమిషాలు నిలబడి చూడండి. వేయించిన ముక్కలు ముందే స్టీలు ట్రేలో ఉంటాయి. ఆర్డర్ రాగానే ఒక ప్లేటుకి సరిపడా ముక్కలే కడాయిలోకి వెళ్తాయి. వెల్లుల్లి, పచ్చిమిర్చి, క్యాప్సికం, ఆ తర్వాత వరసగా పెట్టుకున్న సీసాల్లోంచి సోయా, చిల్లీ సాస్, వెనిగర్. గరిటెతో కాస్త కార్న్‌ఫ్లోర్ నీళ్లు. నాలుగు ఎగరవేతలు, ప్లేటులోకి. మనకి నోరూరించే ఆ "బయటి రుచి" ఆ సీసాల రుచే. అవే సీసాలు మన వంటింట్లో కనబడితే మోసం ఎలా అవుతాయి?

అదే పద్ధతి ఇంట్లో పాటించండి. అరకిలో లెగ్ బోన్‌లెస్ తీసుకుని అంగుళం ముక్కలు కొట్టించండి. బ్రెస్ట్ త్వరగా పిడచకడుతుంది. తడి లేకుండా అద్ది, ఒక గుడ్డు, మూడు టేబుల్ స్పూన్ల కార్న్‌ఫ్లోర్, రెండు టేబుల్ స్పూన్ల మైదా, ఒక టీస్పూను సోయా సాస్, మిరియాల పొడి, ప్యాకెట్‌దైనా సరే అల్లం వెల్లుల్లి పేస్టు పట్టించండి. ఎరుపు కావాలంటే కాశ్మీరీ కారం చాలు, రంగు పొడి వద్దు. ముక్కల్ని మూడు వాయిలుగా వేయించండి. నూనె 175 డిగ్రీల దగ్గర ఉండాలి. అది కొలిచే సాధనం లేకపోతే, చుక్క పిండి వేస్తే వెంటనే పైకి తేలాలి, కానీ మాడకూడదు. తీసిన ముక్కలు కాసేపు ఆరాక మరో నిమిషం వేయిస్తే, సాస్ పడ్డాక కూడా పైన కరకర నిలుస్తుంది.

తర్వాత ఇనప కడాయి బాగా కాగనిచ్చి చెంచాడు నూనె వేయండి. నాన్‌స్టిక్ పాన్ మాత్రం ఇలా ఖాళీగా కాచొద్దు. 260 డిగ్రీలు దాటితే దాని పూత పాడవడం మొదలవుతుంది. సాస్‌లు ముందే ఒక గిన్నెలో కలిపి పక్కన పెట్టుకోవాలి: సోయా, చిల్లీ సాస్, కెచప్ తలా ఒక టేబుల్ స్పూను, అర టీస్పూను పంచదార. పావు కప్పు చన్నీళ్లలో ఒక టీస్పూను కార్న్‌ఫ్లోర్ విడిగా. వేడినీళ్లలో కలిపితే ఉండలు కడుతుంది. వెల్లుల్లి, పచ్చిమిర్చి వేగాక సాస్‌లు, కార్న్‌ఫ్లోర్ నీళ్లు పోసి, నిగనిగలాడేదాకా మరిగించి, అప్పుడు ముక్కలు. ఒక్క నిమిషం. దించేముందు టీస్పూను వెనిగర్, గుప్పెడు ఉల్లికాడలు. వెనిగర్ ముందే పోసి మరిగిస్తే చిక్కదనమూ పలచబడుతుంది, ఆ ఘాటూ పోతుంది.

ఫ్రోజెన్ చికెన్‌లో సారం లేదన్న మాటకి పెద్ద జవాబు అక్కర్లేదు. మైనస్ 18 డిగ్రీల్లో గడ్డకట్టినంత మాత్రాన ప్రోటీన్ ఎక్కడికీ పోదు. కరిగేటప్పుడు కాస్త నీరు కారుతుంది, అందుకే తడి అద్దమన్నాను. రాత్రే ఫ్రిజ్ కింది అరలోకి మార్చాలి, గట్టు మీద గంటలకొద్దీ వదిలేయకూడదు. పిండి పట్టించి, సగం వేయించి అమ్మే పాప్‌కార్న్ చికెన్, నగెట్స్ సంగతి వేరు. ప్యాకెట్ వెనక పదార్థాల జాబితాలో బరువు ఎక్కువున్నదే ముందు రాయాలి. చికెన్ కన్నా ముందు పిండి కనబడితే ఆ ప్యాకెట్ అక్కడే పెట్టేయండి. చికెన్ ముందుంటే, నిరభ్యంతరంగా వేయించి పై సాస్‌లో కలిపేయండి. పావుగంటలో పని అయిపోతుంది.

అసలు చైనీస్ కాదంటారా? కాదు. అయితే ఏమిటి? చికెన్ మంచూరియాని 1975లో, కోల్‌కతాలో పుట్టి పెరిగిన నెల్సన్ వాంగ్ అనే చైనా సంతతి వంటవాడు ముంబైలోని క్రికెట్ క్లబ్‌లో తయారుచేశాడన్నది అందరూ చెప్పుకునే మాట. అల్లం, వెల్లుల్లి, పచ్చిమిర్చి తాలింపుకి సోయా సాస్, కార్న్‌ఫ్లోర్ జోడించాడు. కోల్‌కతాలోని తంగ్రా ప్రాంతంలో స్థిరపడిన హక్కా అనే చైనా తెగ కుటుంబాలు అంతకుముందునుంచే మన నాలుకకి తగ్గట్టు వండుతున్నాయి. ఇది మన దేశపు చైనీస్, దానికంటూ సొంత వంశం ఉంది. హోటల్లో వడ్డించేదీ అదే, మనం వండేదీ అదే. హోటల్లో ఉన్నప్పుడు అడగని పుట్టుపూర్వోత్తరాలు ఇంటి కడాయిని మాత్రం ఎందుకు అడగాలి?

తెప్పించుకోవడం నయం అన్నదానికి వద్దాం. నేనూ తెప్పించుకుంటాను, హోటళ్ల మీద నాకు కోపం లేదు. కానీ "నయం" అంటే ఆరోగ్యం అని అర్థమైతే ఒప్పుకోను. 2024 మార్చిలో గోబీ మంచూరియాలో, జూన్‌లో చికెన్ కబాబుల్లో కృత్రిమ రంగులు వేయకూడదని కర్ణాటక ప్రభుత్వం నిషేధించింది, నమూనాలు పరీక్షించాకే. నూనె మళ్లీ మళ్లీ కాగినకొద్దీ అందులో పేరుకునే పోలార్ కాంపౌండ్లనే పదార్థాలు 25 శాతం మించకూడదని మన దేశంలో 2018 జూలై నుంచి నిబంధన ఉంది. హోటల్ కడాయిలో ఆ అంకె ఎంతుందో మనకి కనబడదు. ఇంట్లో అయితే నూనె ఎన్నిసార్లు కాగిందో మనకే తెలుసు. ఇక కరకర సంగతి: మూతపెట్టిన డబ్బాలో ఆవిరి పట్టి, ట్రాఫిక్ దాటి ఇంటికొచ్చేసరికి పైపూత నానిపోతుంది.

చివరి లైను గురించి. ఆఫీసు నుంచి వచ్చి, పిల్లల హోంవర్కు చూస్తూ, సీసాలోని సాస్‌తో అరగంటలో వేడివేడిగా నలుగురికి వడ్డించే మనిషిని ఓపిక లేనిదని ఎలా అంటారు? సోయా పులియబెట్టడం నెలల పని, హోటల్ వాళ్లూ చేయరు, కొనుక్కుంటారు. అది వాళ్లకి తెలివి, మనకి బద్ధకమా? పైగా మెసేజ్ మొత్తంలో వండే మగవాడు ఒక్కడూ లేడు. సాస్‌లు కలిపి ముక్కలు ఎగరేయడం ఇంట్లో ఎవరైనా ఒక సాయంత్రంలో నేర్చుకోగల పని. ఆ మెసేజ్ రాసినవాళ్లకి ఒకటే అడుగుతున్నాను. ఆ లైను తీసేయండి, దాని స్థానంలో సోయా సాస్‌లో ఉప్పు ఎంతుందో రాసి, బీపీ ఉన్నవాళ్లకి పనికొచ్చేలా మళ్లీ పంపండి.