గెలిచిన కేసుకు మళ్లీ కేసా?

నాన్న పింఛను బకాయిలు 8 వారాల్లో చెల్లించమని హైకోర్టు చెప్పిన రోజు అమ్మ పాయసం చేసింది. మర్నాడే ఉత్తర్వు కాపీ ఆఫీసులో ఇచ్చి, ఇన్‌వార్డు ముద్ర వేయించుకుని వచ్చాం. ఊదారంగు ముద్ర, పక్కన గీత లాంటి ఓ సంతకం. అంతే! ఆ గడువు దాటి 10 నెలలైంది. ఎప్పుడు వెళ్లినా ఒకటే మాట, "ఫైలు పైన ఉందండీ."

ఇప్పుడు కోర్టు ధిక్కార పిటిషన్ వేయాలట. గెలిచిన కేసు అమలుకు ఇంకో కేసు, ఇంకో ఫీజు! అదీ ఏడాదిలోపే వేయాలి, 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం 20వ సెక్షన్ అలా చెబుతోంది. అంటే మాకు మిగిలింది 2 నెలలు. గడువు దాటితే మా హక్కు పోతుంది, మరి వాళ్లు గడువు దాటితే ఏం పోతోంది? శిక్ష గరిష్ఠంగా 6 నెలల జైలు, లేదా 2,000 రూపాయల జరిమానా, లేదా రెండూ. క్షమాపణతో అదీ పోవచ్చు. 2022లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు, బడుల ఆవరణల్లోని గ్రామ సచివాలయాల విషయంలో తన ఆదేశం పాటించలేదని 8 మంది ఐఏఎస్‌లకు 2 వారాల జైలు వేసింది. వాళ్లు క్షమాపణ కోరాక హాస్టళ్లలో సేవ చేయమంది.

తప్పు అధికారిది, తిరుగుడు మాది. నాన్నకు 74 ఏళ్లు. ఆ కాపీని ప్లాస్టిక్ కవర్లో పెట్టి బీరువాలో దాచుకున్నారు. ఒకటో తారీఖు రాగానే బ్యాంకు మెసేజ్ వచ్చిందేమో చూడమని ఫోను నా చేతికిస్తారు.