కూనపులోళ్ల వాటా

మొన్న మా చుట్టాలింట్లో గృహప్రవేశానికి పోతే హాల్లో గోడమీద చేర్యాల ఊరి నకాషీ చిత్రకారులు రాసే పటం ఒకటి కనిపించింది. ఎర్రటి రంగు మీద పులి, పులి మీద ఒక రుషి. ఎవరి కథ ఇది అని అడిగితే, "ఏమో, సూడ సక్కగుందని తెచ్చినం" అన్నాడు ఇంటాయన. మేం పద్మశాలీలం. ఆ పులి మీదున్నది మా మూలపురుషుడు భావనారుషి. ఆ మాట నాలుగు రోజులుగా మనసులోంచి పోవట్లేదు.

తెలియనివాళ్ల కోసం చెప్తున్నా. తెలంగాణలో ఒక్కో కులానికి ఒక్కో కథకుల కులం ఉంది. మాకు కూనపులివారు, ముదిరాజులకు కాకిపడగలవారు, మాదిగలకు డక్కలివారు. చేర్యాల నకాషీలు గుడ్డకు గంజి, సుద్దమట్టి, చింతగింజల అంబలి, బంక కలిపి పూతలు పూసి, దానిమీద కథంతా బొమ్మలుగా రాసేవారు. 3 అడుగుల వెడల్పు, 40 అడుగులు దాటిన పొడవు. కూనపులాయన ఆ చుట్టను బొమ్మ తర్వాత బొమ్మ విప్పుకుంటూ రాత్రుళ్లు కథ నడిపేవాడు.

నేను మూడో తరగతిలో ఉండగా మా వాకిట్లో రెండు గుంజలు పాతి పటం కట్టారు. పెద్దాయన చేతిలో సన్నటి బెత్తం. భావనారుషి తామరతూడు నారతో దేవతలకు బట్ట నేసే బొమ్మ దగ్గర బెత్తం ఆగింది. పాట ఆపి మా తాతవైపు తిరిగాడు. మా గోత్రం చెప్పాడు, తాత తండ్రి పేరు, ఆయన తండ్రి పేరు, ఆ పైవాళ్ల పేర్లు వరసపెట్టి చెప్పుకుంటూ పోయాడు. తాతకే తెలియని పేర్లు. తాత మెల్లగా లేచి, భుజం మీది తువ్వాల తీసి చేత పట్టుకుని, అయిపోయేదాకా అట్లాగే నిలబడ్డాడు. మా ఇంట్లో ఎవరికీ అక్షరం రాని కాలపు పేర్లవి. ఏ కాగితం మీదా లేవు.

తెల్లారి తాత బియ్యం, పంచె, డబ్బులు ఇచ్చాడు. అది దానం అంటే ఊరుకునేవాడు కాదు, "వాళ్ల వాటా వాళ్లకిస్తున్నం" అనేవాడు. మా చరిత్ర వాళ్ల నోట్లో ఉంది, వాళ్ల తిండి మా మగ్గం మీద ఉంది. అన్ని తరాలు నిలబెట్టింది ఆ ఒప్పందమే.

మగ్గాలు మూలపడ్డాయి. మా బాపు భివండి పోయాడు, వీధిలో సగంమంది సూరత్, షోలాపూర్ పోయారు. తాళాలేసిన ఇళ్ల ముందు కూనపులాయన ఎవరికి చెప్తాడు? చిరిగి పాతబడ్డ పటాన్ని నీళ్లలో కలపడం ఆచారం. కలిపాక కొత్తది రాయించే స్తోమత లేకపోతే ఆ ఇంట్లో కథ అక్కడితో సరి. నకాషీలు చిన్న బొమ్మలు, ముఖోటాలు చేసి అమ్ముకుంటున్నారు. వాళ్లను నేను ఒక్క మాట అనను, వాళ్ల చేయి ఆడబట్టే ఈ కళ మిగిలింది, భౌగోళిక గుర్తింపూ (జీఐ) వచ్చింది. 17వ శతాబ్దపు పటం హైదరాబాద్ మ్యూజియంలో భద్రంగా ఉన్నందుకూ సంతోషమే. దాని ముందు నిలబడి పాడే మనిషి సంగతేమిటన్నదే నా బాధ.

వట్టి కులగొప్పల కోసం ఇదంతా ఎందుకు అనేవాళ్లుంటారు. డక్కలివారు చెప్పే జాంబపురాణం వినండి. మాదిగల మూలపురుషుడు జాంబవుడు భూమి కంటే ఆరునెలల ముందు పుట్టాడని ఉంటుంది. ఊరి బయట ఉంచిన మనుషులు "మీ అందరికంటే ముందు మేమున్నాం" అని వందల ఏళ్లుగా కిన్నెర మీటి చెప్పించుకున్నారు. ఎంత పెద్ద ఆలోచన అది! దాన్ని దాచడానికి వాళ్లకు గుడి లేదు, బడి లేదు. డక్కలాయన గొంతు ఉంది.

మా ఊరి కులసంఘం కొత్త భవనానికి పాలరాయి వేయించింది. పండగొస్తే ఫ్లెక్సీలకే వేలు పోతాయి. కూనపులోళ్లను పిలుద్దామంటే ఒక పెద్దమనిషి "వీడియో తీసి పెట్టుకుంటే సరిపోతది గదా" అన్నాడు. తీయాలి, తప్పకుండా తీయాలి. కానీ వీడియో మా తాతవైపు తిరిగి గోత్రం చెప్పదు. వినేవాళ్లను బట్టి కథ పెంచదు, కొడుకును పక్కన కూర్చోబెట్టుకుని నేర్పదు.

మా పద్మశాలీలు జరుపుకునే మార్కండేయ జయంతికి, ఈసారి మా వాకిట్లోనే కథ చెప్పిస్తున్నాను. మూడు రాత్రులు. భోజనం, బట్టలు, ముందుగా మాట్లాడుకున్న డబ్బు, రానుపోను ఖర్చులు మావే. సూరత్‌లో, భివండిలో ఉన్నవాళ్లు మీ ఊరికి వచ్చే కూనపులి కుటుంబం ఇప్పుడెక్కడుందో ఇంట్లో పెద్దవాళ్లను ఈ రాత్రే అడగండి. నేను బాపును ఫోన్లో అడిగితే కాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత, "నేనొచ్చేదాకా మా తాత పేరు చదవొద్దని చెప్పు" అన్నాడు.