సెనేటరు భుజం మీది తెల్లదుప్పటికి

మహారాజశ్రీ తెల్లదుప్పటి గారికి,

ఇటలీవాళ్లు తీసిన ప్రాచీన కాలపు సినిమాలకు ఫ్రెంచి విమర్శకులు ‘పెప్లం’ అని పేరు పెట్టారు. గ్రీకు ఆడవాళ్ల కట్టుబట్ట పేరది. అంటే ఆ జాతికి ఇంటిపేరు తమరి వైపు నుంచే వచ్చింది.

రోము చక్రవర్తి కథతో వచ్చిన 1979 నాటి ‘కలిగుల’ సినిమా చుట్టూ పుట్టిన చవక శృంగార రోము చిత్రాల్లో మిగతావన్నీ అరువు దొరికాయి. ‘కలిగుల’ కోసం దనీలో దొనాతి వేసిన సెట్లలోనే ‘మెస్సలీనా, మెస్సలీనా!’ తీసి, 1977లోనే వదిలేశారు. ముహూర్తానికి ముందే పందిట్లో పక్కింటివాళ్లు భోంచేసి వెళ్లినట్టు! సైన్యం కావాలంటే పాత సినిమా ముక్క అతికిస్తారు, మాటలు డబ్బింగులో పడతాయి. ఒంటిమీది గుడ్డకే తమరు.

రోము మగవాళ్లు ఒంటికి చుట్టుకునే అసలు టోగా తమరికి చుట్టం కాదు. అది ఉన్ని, అర్ధచంద్రాకారపు కోత, చక్రవర్తుల కాలానికి సుమారు ఐదున్నర మీటర్లు, మన చీరంత. ఒక కొస ఎడమ భుజం మీంచి ముందుకు వదిలి, మిగతాది వీపు చుట్టూ కుడి చంక కిందనుంచి తెచ్చి, మళ్లీ ఎడమ భుజం మీదికి విసరాలి. పిన్ను ఉండదు. ఎడమ చెయ్యి మడిచిపెట్టుకునే తిరగాలి. కట్టడానికి ఇంకో మనిషి కావాలి.

నిర్మాతకు ఇదంతా ఎక్కడ కుదురుతుంది? ఒక్కసారి లాగితే జారాలి, టేకు చెడితే అర నిమిషంలో మళ్లీ ఎక్కాలి. టోగా అయితే ప్రతి రీటేకుకీ కట్టు మొదటికొస్తుంది, ఛాతీ మీది మడత పాత చోటే పడకపోతే కంటిన్యుటీ గోవిందా. తమరికి భుజం మీద ఒక్క పిన్ను చాలు.

కాకపోతే ఇస్త్రీ లేకుండా ప్యాకెట్లోంచి నేరుగా వచ్చారంటే సెనేటరు గారి పొట్ట మీద నలుచదరపు గళ్లు. పాలియెస్టర్ కలిసిందా, లైటు పడగానే తళతళ.

రాణి పాత్రకూ తమరినే చుట్టేస్తారు. రోములో పరువైన ఇల్లాలు కట్టేది స్తోలా అనే పొడవాటి గౌను, టోగా వేసిన ఆడది వేశ్య కింద లెక్క. క్లాడియస్ చక్రవర్తి భార్య మెస్సలీనా మీద ఆ ముద్ర గట్టిగా గుద్దిన రోము వ్యంగ్యకవి జువెనల్, క్రీ.శ. 48లో ఆమె పోయాక యాభై ఏళ్లు దాటి రాశాడు. పాపం, తెర మీద ఆ పని తమరు చేస్తున్నారు.

తా.క. ఈసారి దిండు గలీబును వెంట తెండి. తలకొకటి, చేతులకు రెండు కన్నాలు పెడితే బానిస ట్యూనిక్ తయారు. కోతలో అది తమరికంటే నికార్సయిన రోమను.