ఆర్నెల్ల జీతం ఎవరిస్తున్నారు మామయ్యా?

ఇప్పుడే ఫోన్ పెట్టేశాను. ఒళ్లు మండిపోతోంది, అందుకే ఇక్కడ రాస్తున్నాను. తప్పులుంటే సర్దుకుని చదువుకోండి.

మా మామయ్య ఫోన్ చేశారు. "అమ్మాయ్, తమ్ముడి ఉద్యోగం పోయిందని మీ అమ్మ ఊరికే బెంగపెట్టుకుంటోంది. ఉద్యోగం పోతే గవర్నమెంటే ఆర్నెల్లు జీతం ఇస్తుందట కదా, వాట్సాప్‌లో వీడియో వచ్చింది. వాడు హాయిగా ఇంట్లో కూర్చోవచ్చు" అన్నారు.

హాయిగానట! ఇంటి అద్దె, బండి ఈఎంఐ, అమ్మ బీపీ మాత్రలు. వీటి మధ్య ఆ హాయి ఎక్కడ దాక్కుందో మామయ్యే వచ్చి వెతికిపెట్టాలి.

ఆ వీడియో నాకూ పంపారు. చూస్తే అది అమెరికా గురించి! అక్కడ చాలా రాష్ట్రాల్లో గరిష్ఠంగా 26 వారాలు నిరుద్యోగ భృతి ఇస్తారు. ఫ్లోరిడాలో అయితే నిరుద్యోగం తక్కువగా ఉన్నప్పుడు 12 వారాలతో సరిపెడతారు. అదైనా తన తప్పు లేకుండా ఉద్యోగం పోయి, ఇంకో పని వెతుక్కుంటున్న వాళ్లకే. మామయ్య గారబ్బాయి అక్కడే హెచ్1బీ అనే ఉద్యోగ వీసా మీద ఉన్నాడు. వాడి ఉద్యోగం పోతే మహా అయితే 60 రోజులు గడువు, ఆ లోపు ఇంకో కంపెనీ దొరక్కపోతే పెట్టె సర్దుకోవడమే. పోయినేడాది వాళ్ల ఆఫీసులో లేఆఫ్స్ అన్నప్పుడు ఇదే మామయ్య రోజూ గుడికెళ్లారు. అప్పుడు ఎవరూ ఆయనకు హాయి గురించి చెప్పలేదు.

సరే, మన దగ్గర ఏముందో వినండి. ఉద్యోగం పోయినవాళ్లకు భృతి ఇచ్చే అటల్ బీమిత్ వ్యక్తి కల్యాణ్ యోజన. పేరు నోరు తిరగడానికే సగం రోజు పడుతుంది. 2018 జూలై 1న రెండేళ్ల ప్రయోగం అని మొదలుపెట్టి, అప్పటి నుంచీ పొడిగిస్తూ లాక్కొస్తున్నారు. ఈఎస్ఐ, అంటే తక్కువ జీతగాళ్లకు జీతంలోంచి కోసి నడిపే ప్రభుత్వ బీమా, ఉన్నవాళ్లకే ఇది. సగటు రోజు సంపాదనలో సగం, 90 రోజుల వరకు. మొదట్లో పావలా వంతే ఉండేది, కోవిడ్ వచ్చాక అర్ధ రూపాయి చేశారు. ఇదంతా జీవితంలో ఒక్కసారే! ప్రైవేటు కంపెనీలో పనిచేసే మనిషి ఉద్యోగం జన్మకొక్కసారే పోతుందని ఏ మహానుభావుడు లెక్కగట్టాడో. 18,000 జీతం ఉన్నవాడికి నెలకు తొమ్మిది వేల చొప్పున మూణ్ణెల్లు, ఆ తర్వాత దండం. అది కూడా ఉద్యోగం పోయిన 30 రోజుల తర్వాతే అడగాలి. ఆ మొదటి నెల అద్దె ఇంటి ఓనరు యోజన కింద మాఫీ చేస్తాడు కాబోలు.

అర్హతల సంగతి చెప్తే నవ్వాలో ఏడవాలో తెలీదు. ఉద్యోగం పోయేనాటికి కనీసం రెండేళ్లు ఈఎస్ఐ కింద పనిచేసి ఉండాలి. పోవడానికి ముందున్న ఆరు నెలల చందా కాలంలో కనీసం 78 రోజులు కటింగ్ పడి ఉండాలి. ఆ రెండేళ్లలో దానికి ముందున్న మూడు కాలాల్లో ఏదో ఒకదాంట్లో ఇంకో 78. తప్పు చేసి పంపించేస్తే రాదు, రిటైరైతే రాదు, ముందే స్వచ్ఛందంగా వీఆర్ఎస్ తీసుకుని దిగిపోతే రాదు. రెండేళ్లు ఒక్కచోట ఉండనిచ్చే కాంట్రాక్టరు ఎవరైనా ఉంటే నాకూ చూపించండి, పదకొండో నెలలో పేరు మార్చి మళ్లీ కొత్తగా చేర్చుకునేవాళ్లే నాకు తెలుసు.

ఇక అసలు మంట. ఈఎస్ఐ ఎవరికి? నెల జీతం 21,000 లోపు వాళ్లకి. ఈ గీత 2017లో గీశారు. అప్పటి నుంచి బియ్యం, గ్యాస్, బస్సు టికెట్టు అన్నీ కదిలాయి, ఈ గీత మాత్రం కదల్లేదు. మా తమ్ముడి జీతం 20,500. నెలకు 154 రూపాయలు వాడి జీతంలో కోసేవారు, కంపెనీ ఇంకో ఆరువందల అరవై పైచిలుకు కట్టేది. ఏప్రిల్‌లో ఇంక్రిమెంట్ ఇచ్చారు, 21,800 అయింది. వాడు స్వీట్ బాక్స్ పట్టుకుని ఇంటికొచ్చాడు. ఆ నెల పేస్లిప్‌లో ఈఎస్ఐ అన్న లైనే లేదు. దాంతో అమ్మ మందులకు ఆ కార్డు పోయింది, ఉద్యోగం పోతే వచ్చే ఆ కాస్తా కూడా పోయింది. వాడికి పెరిగింది పదమూడు వందలు. అందులో సగం కంపెనీకి ఈఎస్ఐ కట్టక్కర్లేక మిగిలిన డబ్బే. ఎంత దయగల కంపెనీయో!

దయ అంతటితో ఆగలేదు. మొన్న వాణ్ని తీసేసినప్పుడు తీసేస్తున్నాం అని రాసి ఇవ్వలేదు. ఏసీ గదిలో కూర్చోబెట్టి, మంచినీళ్లిచ్చి, "నా వ్యక్తిగత కారణాల వల్ల రాజీనామా చేస్తున్నాను" అని వాడి చేతే టైప్ చేయించారు. లేకపోతే రిలీవింగ్ లెటర్ ఇవ్వరట. వాడి వ్యక్తిగత కారణం ఏమిటో వాడికే తెలీదు. రేపు ఎక్కడికెళ్లి ఉద్యోగం పోయిందని చెప్పుకున్నా, నువ్వే కదా మానేశావ్ అంటారు.

ఇంత చెప్పాక ఒకరు "మరి నిరుద్యోగ భృతి?" అంటారు, నాకు తెలుసు. అబ్బో, ఆ పాట వినీ వినీ చెవులు చిల్లులు పడ్డాయి. తెలంగాణలో 2018లో నెలకు 3,016 అన్నారు. పెళ్లిలో చదివింపుల్లా ఆ పదహారు ఎందుకో! చదివింపులు చదివారు గానీ కవరు మాత్రం అందలేదు. 2023లో యూత్ డిక్లరేషన్ అని ఇంకొకళ్లు వచ్చి 4,000 అన్నారు. ఆంధ్రలో 2018 అక్టోబరులో యువనేస్తం అని వెయ్యి రూపాయలతో మొదలై, ఎన్నికల ముందు రెండు వేలై, ప్రభుత్వం మారగానే ఆగిపోయింది. 2024లో సూపర్ సిక్స్ అనే ఎన్నికల హామీల్లో 3,000 అన్నారు. మేం డిగ్రీ అయిన రోజుల నుంచీ ఈ అంకెలే చూస్తున్నాం. మాకు పెళ్లీడు దాటింది, జుట్టు నెరుస్తోంది, అంకె మాత్రం ప్రతి ఎన్నికకీ కొత్తగా ముస్తాబై వస్తుంది. రాజ్యాంగంలో 41వ అధికరణ ఉంది, నిరుద్యోగంలో ప్రభుత్వ సాయం పొందే హక్కు కల్పించాలని. "ఆర్థిక సామర్థ్యం మేరకు" అని కూడా ఉంది లెండి. మన సంగతి వచ్చేసరికే ఆ సామర్థ్యానికి నీరసం వస్తుంది.

పోనీ పీఎఫ్ తీసుకుందామా? అది భృతి కాదు, దానం కాదు, మన డబ్బు. ఇదివరకు ఉద్యోగం పోయిన రెండు నెలలకు మొత్తం తీసుకునే వీలుండేది. 2025 అక్టోబరులో పీఎఫ్ బోర్డు కూర్చుని, 75 శాతం వెంటనే తీసుకోండి, మిగతా పావు వంతు కోసం 12 నెలలు ఆగండి అని నిర్ణయించింది. మన భవిష్యత్తు బాగు కోసమేనట. మా తమ్ముడి భవిష్యత్తు వచ్చే ఐదో తారీఖు, ఓనరు గేటు దగ్గర నిలబడతాడు.

మీలో ఎవరి జీతమైనా ఇరవై వేలు దాటి ఉంటే, ఏప్రిల్ పేస్లిప్ తీసి ఈఎస్ఐ లైను ఉందో లేదో చూసుకోండి. లేకపోతే వెళ్లి హెచ్ఆర్‌ని అడగండి. కంగ్రాట్స్ చెప్తారు.