హెచ్చరిక చెప్పే మనిషి తెలిసినవాడై ఉండాలి

2025 జనవరిలో అమెరికాలోని అలెన్ మీడియా గ్రూప్ తన స్థానిక టీవీ స్టేషన్లలో వాతావరణ నిపుణులను తప్పించి, అట్లాంటాలోని వెదర్ ఛానల్ నుంచే అన్ని ఊళ్లకూ వాతావరణ విశేషాలు తయారుచేసి పంపాలని సంకల్పించింది. ప్రేక్షకులతోపాటు ప్రకటనలిచ్చే వ్యాపారులు కూడా భగ్గుమనడంతో కొద్ది రోజుల్లోనే చాలావరకు వెనక్కి తగ్గింది. దీన్ని టీవీ సంస్థల పొదుపు చర్యగా చదివి పక్కన పెట్టినవారే ఎక్కువ. ఆ ఊళ్లవాళ్లు ఎందుకంతగా పట్టుబట్టారో తెలియాలంటే అలబామా రాష్ట్రం బర్మింగ్‌హామ్‌లో 1996 నుంచి ఏబీసీ 33/40 ఛానల్‌లో వాతావరణం చెబుతున్న జేమ్స్ స్పాన్ ప్రస్థానం చూడాలి.

1974 ఏప్రిల్ 3న టోర్నడోలు, అంటే నేలను తాకి ఇళ్లను పెకలించే భీకర సుడిగాలులు, అమెరికాలో పలు రాష్ట్రాలను ఊడ్చేసినప్పుడు స్పాన్ ఇంకా హైస్కూలు వయసు కుర్రవాడు. ఫోన్లు పనిచేయని జాస్పర్ అనే అలబామా పట్టణపు ఆసుపత్రిలో హామ్ రేడియో (ఔత్సాహికులు సొంతంగా నడిపే వైర్‌లెస్) ఆపరేటర్‌గా సాయపడటానికి వెళ్లి, గాయపడినవారిని కళ్లారా చూశాడు. ఆ తర్వాత రేడియో, అలబామాలోనే టస్కలూసా నగరంలో టీవీ, కొంతకాలం డాలస్, మళ్లీ అలబామా. చొక్కాపై సస్పెండర్లతో (ప్యాంటును భుజాల మీదుగా పట్టి ఉంచే పట్టీలతో) కనిపించే ఆయన కోటు విప్పాడంటే ముప్పు ముంచుకొచ్చినట్టేనని అక్కడి పిల్లలకు కూడా తెలుసు. దీన్ని టీవీ తార హంగుగా కొట్టిపారేయడం పొరపాటు. ఒక రాష్ట్ర ప్రజలు ఒక మనిషి వేషాన్ని బట్టి ప్రమాద తీవ్రతను అంచనా కట్టగలుగుతున్నారంటే, ఆ గుర్తు స్థిరపడటానికి దశాబ్దాలు పట్టింది.

స్పాన్ చేసిన అసలు పని తెర బయటే ఉందని నా వాదన. ఏళ్ల తరబడి ఆయన ప్రాథమిక పాఠశాలలకు వెళ్లి మేఘాల గురించి, టోర్నడోల గురించి పాఠాలు చెబుతున్నాడు. ఆ పిల్లలు సాయంత్రం ఇంటికెళ్లి, ప్రమాదం వచ్చినప్పుడు ఇంట్లో ఏ గదిలో దాక్కోవాలో అమ్మానాన్నలకు చెబుతారు. అమెరికా వాతావరణ సంస్థ 2007లో కౌంటీ (మన జిల్లాలాంటిది) మొత్తానికి హెచ్చరిక ఇచ్చే పద్ధతి మాని, ఉరుముల మేఘం కదిలే దారిని బట్టి పటంపై గీత గీసి, ఆ గీతలోపలి ప్రాంతాన్ని మాత్రమే హెచ్చరించడం మొదలుపెట్టింది. శాస్త్రపరంగా ఇది గొప్ప మెరుగుదల. అయితే పేర్లు లేని పటం ఇస్తే తమ ఇల్లు ఎక్కడుందో చుక్క పెట్టి చూపలేనివారే ఎక్కువమంది అని స్పాన్ పదేపదే చెబుతూ వచ్చాడు. అందుకే ప్రసారంలో ఆయన అక్షాంశ రేఖాంశాల జోలికి పోకుండా కూడళ్లు, చర్చిలు, దుకాణాల పేర్లు చెబుతాడు. తమ వీధి చివరి దుకాణం పేరు టీవీలో వినిపించాక కూడా సోఫాలో కూర్చునేవారు అరుదు.

2011 ఏప్రిల్ 27న ఇదంతా పరీక్షకు నిలిచింది. ఆ ఒక్కరోజే అలబామాలో 62 టోర్నడోలు వచ్చాయి. టస్కలూసాలోకి చొరబడుతున్న టోర్నడోను కెమెరా ప్రత్యక్షంగా చూపిస్తుండగా స్పాన్ హెచ్చరిస్తూనే ఉన్నాడు. అది బర్మింగ్‌హామ్ ఉత్తర శివార్ల దాకా దాదాపు 130 కిలోమీటర్లు సాగి 60 మందికి పైగా ప్రాణాలు తీసింది. రాష్ట్రమంతటా మృతులు రెండు వందలు దాటారు. హెచ్చరికలు ముందే వచ్చాయి, బాగానే వచ్చాయి, అయినా ఇంతమంది ఎందుకు చనిపోయారన్న ప్రశ్నను ఆయన దాటవేయలేదు. ఆరుబయట ఉన్నవారి కోసం పెట్టిన సైరన్ తమ పడకగదిలోకి వినిపిస్తుందని జనం నమ్మడం ఒక కారణమని, హెచ్చరికల్లో అధికభాగం వట్టిపోవడంతో వాటిపై గురి తగ్గడం మరో కారణమని బహిరంగంగానే చెప్పాడు. ఇంట్లో వెదర్ రేడియో (వాతావరణ హెచ్చరిక రాగానే దానంతటదే మోగే రేడియో) పెట్టుకోవాలని, దాక్కునే చోట హెల్మెట్, బూట్లు సిద్ధంగా ఉంచుకోవాలని ఆ తర్వాత మరింత గట్టిగా ప్రచారం చేశాడు. 2021 మార్చి 25న ప్రసారం మధ్యలో తన ఇల్లే టోర్నడోకు దెబ్బతిన్నా, భార్య క్షేమమని తెలుసుకుని కాసేపటికే మళ్లీ తెర ముందుకొచ్చాడు.

ప్రతి చేతిలోనూ ఫోన్ ఉన్న కాలంలో ఇంకా టీవీ మనిషి ఎందుకని అడిగేవారి మాటలో కొంత నిజం లేకపోలేదు. ఫోన్ హెచ్చరిక నిద్రలో ఉన్నవాణ్ని లేపగలదు, టీవీ లేపలేదు. కరెంటు పోతే స్పాన్ అయినా తెరపై కనిపించడు. కానీ హెచ్చరిక అందడం వేరు, దాన్ని నమ్మి కదలడం వేరు. పెద్దాసుపత్రి స్పెషలిస్టు చెప్పినా ఊళ్లో డాక్టరును ఒక మాట అడగకుండా ఆపరేషన్‌కు ఒప్పుకోని కుటుంబాలు మన దగ్గర ఎన్ని లేవు? అట్లాంటాలో కూర్చున్నవాడికి రాడార్ అదే కనిపిస్తుంది. ఆ పిల్లల బడికి వెళ్లినవాడు మాత్రం అతడు కాదు.

ఇక మన సంగతి. తుపాను వస్తే తెలుగు ఛానళ్లు చేసేదేమిటో అందరికీ తెలుసు: రెయిన్‌కోటు వేసుకుని తీరంలో ఊగిపోతూ అరిచే విలేకరి, కింద ఎర్రరంగు స్క్రోలింగ్, మధ్యలో విశాఖ తుపాను హెచ్చరికల కేంద్రం అధికారితో రెండు నిమిషాల ఫోన్ సంభాషణ. 'కోస్తాంధ్రలో పలుచోట్ల భారీ నుంచి అతి భారీ వర్షాలు' అన్న వాక్యం దశాబ్దాలుగా మారలేదు. అందులో నా ఊరు ఉందా, లేదా? 2022లో ఆంధ్రప్రదేశ్ జిల్లాలు 13 నుంచి 26 అయ్యాక 'ఉమ్మడి జిల్లా' అని కలిపి చెబితే తప్ప పోల్చుకోలేనివారు ఇప్పటికీ ఉన్నారు. విపత్తుల నిర్వహణ సంస్థ మండలాల పేర్లతో పిడుగుల హెచ్చరికలు ఫోన్లకు పంపుతోంది, మంచిదే. వాటిని విప్పి చెప్పి, ఏ పొలంలో పనిచేసేవాళ్లు ఏ వేళకు ఇంటికి చేరాలో వివరించే తెలిసిన ముఖం తెరపై లేదు. ఆ ఖాళీని సామాజిక మాధ్యమాల్లో వెదర్‌మ్యాన్ పేరుతో రాసే ఔత్సాహిక యువకులు పూడుస్తున్నారు. వాళ్లకు అంతమంది అనుచరులున్నారన్నదే ఛానళ్ల మీద తీర్పు.

రాజకీయ చర్చకు రోజూ నలుగురిని కూర్చోబెట్టే ఛానళ్లకు ఒక వాతావరణ నిపుణుడి జీతం భారం కాబోదు. ఆంధ్ర విశ్వవిద్యాలయం విశాఖలోనే వాతావరణ శాస్త్రం బోధిస్తోంది. అక్కడ చదివినవారిలో ఒకరిని తీసుకుని, సాయంత్రం పది నిమిషాలు ఇచ్చి, మిగతా వేళల్లో ఉప్పాడ, దివిసీమ, ఏజెన్సీ బడులకు పంపితే చాలు. మొదటి రెండేళ్లు రేటింగులు రావు. స్పాన్‌కైనా ఆ గురి పాఠశాల తర్వాత పాఠశాలగా కుదిరిందే.