సెంట్రల్ జైలు కూలింది గానీ నా ఫోన్ ఇంకా లోపల్నే ఉన్నది

2021ల మన వరంగల్ సెంట్రల్ జైలు కూలగొట్టి ఖైదీలను వేరే జైళ్లకు పంపిన్రు, ఆ జాగల 24 అంతస్తుల దవాఖాన అన్నరు, అందరం సంబురపడ్డం. కానీ హన్మకొండల మా ఇంట్ల ఒక ఖైదీ మిగిలిపోయిండు, వాణ్ణి ఏ అధికారి పట్టించుకోలే. పేరు ఐఫోన్ 6. 2014ల పుట్టిండు, ఐఓఎస్ (ఐఫోన్‌ను నడిపే సాఫ్ట్‌వేర్) 12 కాడ ఎదుగుడు బందైంది.

పైసలు నావి, ఈఎంఐ కట్టింది నేను, కానీ దాంట్ల ఏ యాప్ ఎక్కాల్నో చెప్పేటోడు కాలిఫోర్నియాల యాపిల్ కంపెనీల కూసున్నడు. మా కిరాయింటి ఓనర్ కూడా గోడకు మేకు కొట్టనియ్యడు, కాకపోతే అది ఆయన ఇల్లు, ఇది నా ఫోను గదా!

జైలు పగలగొట్టుడే, అంటే కంపెనీ పెట్టిన తాళం తీసి మనకు కావాల్సిన యాప్‌లు ఎక్కించుకునే జైల్‌బ్రేకే అని మా బామ్మర్ది తీర్మానం చేసిండు (బీటెక్, ఇంకా నాలుగు సబ్జెక్టులున్నయ్). 2019 సెప్టెంబర్ల చెక్‌మేట్ అని ఒక లొసుగు బయటపడ్డదట, ఐఫోన్ 4ఎస్ నుంచి టెన్ దాకా, చిప్‌ల ఫ్యాక్టరీలనే అచ్చుపోసిన కోడ్‌ల ఉన్నదట, ఎన్ని అప్‌డేట్లు పంపినా పూడదట. అంటే జైలు కట్టినప్పుడే గోడకు తొర్ర పెట్టిన్రు. మన కాంట్రాక్టర్లే అనుకున్న, అక్కడ కూడా ఉన్నరన్నమాట. చట్టం సంగతేందిరా అంటే, ఫోన్ జైల్‌బ్రేక్ చేసుకోవచ్చని అమెరికాల 2010లనే మినహాయింపు ఇచ్చిన్రు బావా, ఇచ్చింది లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ అన్నడు. లైబ్రరీ! మా దగ్గర లైబ్రరీల పొద్దుటి పేపర్ చేతికి రావాల్నంటేనే ముగ్గురు పెద్దమనుషులు లేవాలె.

ఆదివారం ముహూర్తం పెట్టినం. ల్యాప్‌టాప్‌కు వైరు గుచ్చి, పక్క బటన్, హోమ్ బటన్ కలిపి వత్తి, వాడు లెక్క పెడుతుంటే నేను ఊపిరి బిగబట్టిన, "పక్కది వదులు బావా, హోమ్ వదలకు, వదలకు అంటున్న గదా!" అని వాడు అరిస్తే వంటింట్లకెల్లి మా ఆవిడ ఉరికొచ్చింది. నాలుగోసారికి పడ్డది. తెర మీద గోధుమరంగు డబ్బా బొమ్మ, సిడియా, అంటే యాపిల్ ఒప్పుకోని యాప్‌ల దుకాణం. స్వాతంత్ర్యం! ఏమొచ్చిందంటరా, కింద వరుసల నాలుగు బొమ్మలు పట్టేకాడ ఐదు పట్టినయి.

బయటికొచ్చిన ఖైదీకి పిల్లనెవరిస్తరు చెప్పున్రి. బ్యాంకు యాప్ మొహం చూసి తలుపేసుకున్నది, మీ ఫోన్ భద్రంగ లేదట. 2025 మే నుంచి వాట్సాప్‌కు ఐఓఎస్ 15.1 ఉండాలె, జైలు పగిలినంత మాత్రాన మావోడు 12 దాటడాయె. అసలు ముచ్చట ఏందంటే ఈ విడుదల సగమే, ఫోన్ ఆఫై ఆన్ అయితే మళ్ల ల్యాప్‌టాప్‌కు గుచ్చాలె, లేకుంటే మావోడు తనంతల తనే పోయి లోపల కూసుంటడు. పదేండ్లు దాటిన బ్యాటరీ, మధ్యాహ్నం దాకా ఉంటే గొప్ప.

నిన్న కాజీపేట స్టేషన్‌ల 9 శాతం కాడ ఆఫైంది. బామ్మర్దికి పక్కనోని ఫోన్‌కెల్లి చేసిన. "ల్యాప్‌టాప్ సంచిల పెట్టుకోని తిరుగుమన్న గదా బావా" అన్నడు.