డెక్ పలక సంగతి సరే, దాని కింద ఏముంది?

ఇల్లు కట్టుకుంటున్నవాళ్ల వాట్సాప్ గ్రూపుల్లో డెక్ (ఆరుబయట పలకలు పరిచి వేసే నేల) గురించి ఒక ఫార్వర్డ్ మళ్లీ మళ్లీ తిరుగుతుంటుంది. సారాంశం ఇదీ: "టెర్రస్ మీద డెక్‌కి చెక్క వాడటం దండగ. డబ్ల్యూపీసీ వేయించండి. నీరు పీల్చదు, చెదలు పట్టవు, వేడెక్కదు, మెయింటెనెన్స్ సున్నా, జీవితాంతం ఉంటుంది. చెక్కే కావాలంటే టేకు వేయండి, దానికి ఏమీ కాదు." వీటిలో చెదల మాట చాలావరకు నిజమే. మిగతావాటితోనే నాకు పేచీ.

ముందు నీళ్ల సంగతి. డబ్ల్యూపీసీ అంటే చెక్కపొడి, ప్లాస్టిక్ కలిపి అచ్చు తీసిన పలక. అందులో ఇంచుమించు సగం చెక్కపొడే. కోసిన చివర్ల నుంచి, గీతలు పడ్డచోట నుంచి అది మెల్లగా నీరు పీలుస్తుంది. చుట్టూ ప్లాస్టిక్ తొడుగు ఉన్న రకం నయమే కానీ ధర ఎక్కువ. ఇక్కడే ఇంకో తిరకాసు ఉంది. బాత్‌రూమ్ తలుపులకీ, కిచెన్ అల్మారాలకీ వాడే పీవీసీ ఫోమ్ బోర్డును కూడా మన షాపుల్లో డబ్ల్యూపీసీ అనే పిలుస్తారు. అది ఎండావానల్లో నేల మీద పరిచే సరుకు కాదు. కాబట్టి పేరు చూసి కొనకండి.

"వేడెక్కదు" అని రాసిన మనిషి మే నెల మధ్యాహ్నం రెండింటికి దాని మీద చెప్పుల్లేకుండా నిలబడి ఉండడు. ముదురు గోధుమరంగు పలకైతే అరికాళ్లు చుర్రుమంటాయి. అదే రంగులో ఉన్న మామూలు చెక్క కూడా వేడెక్కుతుంది గానీ, ఆ వేడిని కాలికి అంత వేగంగా ఎక్కించదు. పైగా ప్లాస్టిక్ వేడికి సాగుతుంది. మూడు మీటర్ల పలక చలికాలం తెల్లవారుజాముకీ ఎండాకాలం మధ్యాహ్నానికీ మధ్య నాలుగైదు మిల్లీమీటర్లు పెరుగుతుంది. చివర్లలో సందు వదలకుండా గోడకు ఆనించి బిగిస్తే మధ్యలో ఉబ్బుతుంది. చూడటానికి అందంగా ఉంటుందని సందులు మూసేయమనే ఇంటివాళ్లు చాలామందే ఉన్నారు, అదో బాధ.

మెయింటెనెన్స్ సున్నా కాదు, తక్కువ. పలక మీది గాళ్లలో దుమ్ము, నీళ్లు నిలిస్తే వానాకాలంలో పాకుడు పడుతుంది, కాలు జారుతుంది. అప్పుడప్పుడూ బ్రష్‌తో కడగక తప్పదు. చెక్క మీద గీత పడితే చిత్రిక పట్టుకోవచ్చు, తొడుగు ఉన్న పలక మీద ఆ వీలు లేదు.

ఇక టేకు. "మా తాతగారింటి గుమ్మం ఇప్పటికీ చెక్కుచెదరలేదు" అని గొప్పగా చెబుతారు. ఆ గుమ్మం నిలువుగా, చూరు కింద ఉంది. డెక్ పలక వెల్లకిలా పడుకుని వాన మొత్తం తాగుతుంది. రెండింటికీ పోలికేమిటి? పైగా తట్టుకునేది టేకు మొత్తం కాదు, టేకు చేవ, అంటే మాను నడిమి ముదురు చెక్క. దాని చుట్టూ ఉండే లేత రంగు చెక్కకు ఏ చెట్టుదైనా సరే మన్నిక తక్కువ, పుచ్చు తొందరగా పడుతుంది. త్వరగా నరికేసిన తోట టేకులో ఈ తెల్ల చెక్క పాలు ఎక్కువ. అందుకే పలకలు తీసుకునేటప్పుడు అంచులు చూడండి, తెల్లగా ఉంటే పక్కన పెట్టించండి. ఎండకు టేకు బూడిదరంగుకు తిరగడం మాత్రం జబ్బు కాదు, పైపై మార్పు. ఆ రంగు నచ్చకపోతే నూనె పట్టించండి. గట్టి పొరలా కట్టే వార్నిష్ ఎండకు పగిలి పెచ్చులూడుతుంది. మామూలు ఇనుప మేకులు కొడితే చుట్టూ నల్లటి మరకలు వస్తాయి, స్టెయిన్‌లెస్ స్టీల్ స్క్రూలే వాడాలి.

జీవితాంతం ఉంటుందన్న మాటకు నా సొంత డెక్కే జవాబు. హైదరాబాద్‌లో మా టెర్రస్ మీద మంచి టేకు పలకలే వేయించాను. వేసినాయన కింద రీపర్లు (పలకలకు ఆసరాగా వేసే పట్టీలు) మాత్రం ఏదో చౌక చెక్కవి వాడి, స్లాబ్ మీద నేరుగా, వాటానికి, అంటే నీళ్లు జారే వాలుకు, అడ్డంగా పరిచాడు. నీళ్లు పోయే దారి లేదు, గాలి ఆడే చోటు లేదు. పైన పటారం, లోన లొటారం. మూడో వానాకాలంలో ఓ పలక కాలి కింద ఊగింది. విప్పి చూస్తే రీపర్లు చేత్తో నలిపితే పొడి అవుతున్నాయి. ఈసారి వచ్చిన వడ్రంగి పలకలు తిప్పి తిప్పి చూసి, "వీటికేం కాలేదు సార్, కిందే అంతా పోయింది" అన్నాడు.

రీపర్ల బదులు అల్యూమినియం పైపులు, వాటి కింద రబ్బరు ప్యాడ్లు పెట్టించాం. స్లాబ్‌కు ఒక్క రంధ్రం కూడా వేయనివ్వలేదు, వాటర్‌ప్రూఫింగ్ పోతుందని. పైపులు వాటం వెంట, పలకలు అడ్డంగా, మధ్య ఐదు మిల్లీమీటర్ల సందు. నీళ్లు బయటికి పోయే పైపు మూత దగ్గర రెండు పలకలు ఊడదీసి కడుక్కునేలా ఉంచాం. పాత పలకలే, ఒక్కటీ కొత్తది కొనలేదు.